అరిస్తే అర్థం కాదు

కారంపూడిలో కార్తీక అమావాస్య నుంచి అయిదు రోజులు పల్నాటి వీరుల ఉత్సవాలు. రోజుకో పేరు: రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కల్లిపాడు. జనం ఎక్కువగా ఆయుధాలు చూడ్డానికొస్తారు. నాకు ఆసక్తి కథ చెప్పేవాళ్ల మీద. మైకుల హోరు, బూరల మోత, తప్పిపోయిన పిల్లల కోసం ప్రకటనలు ఉండనే ఉంటాయి. ఆ గోలలోనూ వీర విద్యావంతులనే ఆ కథకులు చెప్పే కథ ఎక్కడో వెనక కూచున్న ముసలాయన దాకా అందుతుంది. అదే ముసలాయన ఇంట్లో కోడలు ‘అన్నం పెట్టమంటారా’ అంటే మూడుసార్లు అడిగించుకుంటాడు.

వినడంలో చెవి పని మొదటి మెట్టు వరకే. మామూలు మాటల్లో సెకనుకు పది, పదిహేను ధ్వనులు దొర్లిపోతుంటాయి. ఒక్కోదాన్నీ పట్టుకుని, పేర్చి, అప్పుడు అర్థం వెతికే తీరిక మెదడుకు ఉండదు. అందుకే ముందుకు ఊహిస్తూ పోతుంది. ‘పప్పన్నంలో నెయ్యేసుకుని సైకిల్ తిన్నాడు’ అన్నామనుకోండి, సైకిల్ దగ్గర మెదడు ఉలిక్కిపడుతుంది. ఆ ఉలికిపాటును తలకు అతికించిన తీగలతో మొదట నమోదు చేసింది మార్తా కుటాస్, స్టీవెన్ హిల్యార్డ్ అనే పరిశోధకులు. 1980లో. సెకనులో పదింట నాలుగు వంతులకల్లా ఆ విద్యుత్తు తేడా కొట్టొచ్చినట్టు కనిపిస్తుంది. అంటే మన మాట పూర్తయ్యేలోపే ఎదుటివాడి మెదడు ఒక వాక్యం సిద్ధం చేసుకుని కూచుంటుంది.

కథలోని బ్రహ్మనాయుడు, నాగమ్మ, బాలచంద్రుడు ఆ పల్నాటి ముసలాయనకు చిన్నప్పటి నుంచీ తెలిసినవాళ్లే. ఊహకు దారి ముందే ఉంది. పైగా కథకుడు ఒక మాట అని ఆగుతాడు, వంత దాన్నే అందుకుంటాడు, మధ్యలో వాయిద్యం. జారిపోయిన ముక్క రెండోసారి దొరుకుతుంది. జీన్ రోఘైర్ అనే అమెరికా పరిశోధకుడు అలిసెట్టి గాలెయ్య నోట విన్న పల్నాటి వీరుల కథను ఇంగ్లీషు చేసి 1982లో పుస్తకంగా తెచ్చారు. అచ్చులో చదివేవాడికి పదే పదే వచ్చే మాటలు విసుగు పుట్టించవచ్చు. వినేవాడికి అవే ఆసరా. ఇది నా అభిప్రాయం.

పిడుగురాళ్ల సున్నం మిల్లుల్లో, మాచర్ల వైపు రాళ్ల కోత మిషన్ల దగ్గర ఏళ్లు గడిపినవాళ్ల నోట ఒకటే మాట వింటాం: ‘ఇనపడతానే ఉందయ్యా, ఏమన్నారో తెలియట్లా.’ అది సాకు కాదు. లోచెవిలో ఉండే సన్నని కేశకణాలు మోతకు చచ్చిపోతే మళ్లీ మొలవవు. రోజుకు ఎనిమిది గంటలు 85 డెసిబెల్స్ దాటిన మోతలో ఉంటే ముప్పు మొదలవుతుంది. ముందుగా పోయేది హెచ్చు శ్రుతి శబ్దాలను పట్టే కణాలు. అచ్చులు బాగానే వినపడతాయి, హల్లులు జారిపోతాయి. పప్పు, తప్పు, కప్పు ఒక్కటైపోతాయి. మనం అరిస్తే అచ్చులే సాగుతాయి, హల్లులకు ఒరిగేదేమీ లేదు. పైగా అరుపులో కోపం వినిపిస్తుంది.

ఇది చెవి కథ. మా పెద్దమ్మది వేరు. ఆమె చెవులు ఇప్పటికీ పాము చెవులే. ఒకరోజు పొద్దున్నే లేచి, తీరుగా, రాగం ఎక్కడా తప్పకుండా, ‘ఆ గుడ్డల్ని పొయ్యిలో రాయించి తిమ్మట ముగించండ్రా’ అంది. కాలూ చెయ్యీ బాగానే ఉన్నాయి, మూతి వంకరపోలేదు. వాడకట్టులో సగంమంది గాలి అన్నారు, సగంమంది మతిపోయిందన్నారు. మనం ఏం చెప్పినా తలూపేది, చేసేది మాత్రం ఇంకోటి.

ఆమెకు వచ్చింది పక్షవాతం. పక్షవాతం అంటే మాట పడిపోవడమని మన లెక్క. పారిస్‌లో డాక్టర్ పాల్ బ్రోకా 1861లో లోకానికి చూపించిన రోగి అలాంటివాడే: ‘టాన్’ తప్ప దాదాపు మరో మాట రాదు, మనం చెప్పింది మాత్రం చాలావరకు తెలిసేది. రెండో రకాన్ని 1874లో, ఇరవయ్యారేళ్ల వయసులో, కార్ల్ వెర్నికే అనే జర్మన్ డాక్టరు వివరించాడు. మాట ధారగా వస్తుంది, అర్థమే ఉండదు. వినికిడి ఉంటుంది, గ్రహింపు ఉండదు. తన మాట తేడాగా ఉందని కూడా రోగికి తెలియదు. చాలామందికి ఎడమ చెవికి పైన, కొంచెం వెనగ్గా ఉండే మెదడు భాగంలో ఈ పని జరుగుతుంది. దానికి నెత్తురు తెచ్చే కొమ్మలో గడ్డ అడ్డుపడితే చేతుల, కాళ్ల జోలికి పోకుండానే భాష ఒక్కటే దెబ్బతినొచ్చు. గడ్డను కరిగించే ఇంజెక్షన్‌కు నాలుగున్నర గంటలే గడువు. అంతకుముందు తలలో నెత్తురు కారడం లేదని స్కానింగ్‌లో తేలాలి. గురజాల నుంచి నరసరావుపేట, అక్కణ్ణుంచి గుంటూరు అంటూ తిరిగే మనలాంటివాళ్లు దిష్టి తీయడంలో ఒక గంట పోగొట్టుకుంటే మిగిలేదెంత? హఠాత్తుగా పొంతన లేకుండా మాట్లాడినా అది 108కి ఫోన్ చెయ్యాల్సిన సంగతే.

ఆ తర్వాతి నెలల్లో నాకు అబ్బిన విద్య పెద్దమ్మతో మాట్లాడటం. టీవీ కట్టెయ్యాలి. ఎదురుగా కూచోవాలి. ఒకరే మాట్లాడాలి. తెలియకపోతే మాట మార్చకుండా అదే మాట మళ్లీ అనాలి, వస్తువు చూపించాలి. ‘కాఫీ తాగుతావా, టీ తాగుతావా, పాలు కావాలా’ అని గుక్కతిప్పుకోకుండా అడిగితే మూడింటికీ ఊ కొడుతుంది. కాఫీ గ్లాసు పట్టుకుని ‘ఇదా?’ అంటే చాలు. మన తెలుగులో ఇంకో ఇబ్బంది, కాదనే ముక్క క్రియను పట్టుకుని వాక్యం చివర వస్తుంది. ‘రేపు గుంటూరు ఆసుపత్రికి మనం పోనక్కర్లేదు’ అన్నానో, గుంటూరు దగ్గరే ఆగిపోయి చీర మార్చుకోవడానికి లేచేది. ముందు చెయ్యి అడ్డంగా ఊపి ‘లేదు’ అని, కాస్త ఆగి, ‘గుంటూరు లేదు’ అంటే కుదురుగా కూచునేది. వ్యాకరణం వాళ్లు ఏమన్నా అనుకోనీ.

పెద్దమ్మకు తెలుగుతో పాటు ఉర్దూ కూడా వచ్చు. రెండు భాషలు వస్తే మెదడుకు బలమంటారు. ఆ మాటకు మన దగ్గరే ఆధారం ఉంది. హైదరాబాద్ నిమ్స్‌లో సువర్ణ అల్లాడి బృందం 648 మంది మతిమరుపు రోగులను పరిశీలించి 2013లో ప్రచురించింది: ఒకే భాష వచ్చినవాళ్ల కంటే ఎక్కువ భాషలు వచ్చినవాళ్లలో జబ్బు నాలుగున్నరేళ్లు ఆలస్యంగా కనిపించింది, బడి ముఖం చూడనివాళ్లలోనూ. మాచర్ల, బొల్లాపల్లి తండాల్లో ఇంట్లో లంబాడీ, సంతలో తెలుగు మాట్లాడే అవ్వలను చదువురానివాళ్లని తీసిపారేసేవాళ్లు ఇది చదవాలి. పక్షవాతం వచ్చిన 608 మందిపై 2016లో ఇదే బృందం ప్రచురించిన అధ్యయనంలో ఆలోచనాశక్తి చెక్కుచెదరనివాళ్లు బహుభాషల జట్టులో 40.5 శాతం, ఏకభాష జట్టులో 19.6 శాతం. అయితే మాటా గ్రహింపూ దెబ్బతినే అఫేజియా మాత్రం రెండు జట్లలోనూ దాదాపు సమానం. ఆలోచనను కాసిన ఆసరా భాషను కాయలేదు. పెద్దమ్మకు రెండూ ఒకేసారి చెదిరాయి.

ఇప్పుడు నాతో ఒక్కడితో అయితే చాలా మాటలు అందుకుంటుంది. పెళ్లింట్లో పదిమంది చేరితే చేతులెత్తేస్తుంది. ఫోన్ అసలు కుదరదు, అందులో మొహం ఉండదు కదా. ఆమె మనవడికి చెప్పాను, మామూలు కాల్ వద్దురా, వీడియో కాలే చెయ్యి, ఒక్కో ముక్కే అడుగు అని. వాడిది హైదరాబాద్ హడావుడి మాట. మొన్న చేసి, ‘తిన్నావా?’ అని ఆగాడట. ‘ఊ. పప్పు’ అందట. తిన్నది గోంగూర.