చివరి రీళ్లలో ఎవరి సొమ్ము?

విశాఖపట్నంలో మా గోష్ఠిలో గూడవల్లి రామబ్రహ్మం ప్రస్తావన వచ్చినప్పుడు ఒక విద్యార్థి లేచి, "జమీందారు డబ్బుతో తీసిన సినిమాలను అభ్యుదయం అంటారేమండీ?" అని అడిగాడు. కొందరు నవ్వారు. నాకు నవ్వు రాలేదు. అది మనలో చాలామంది తప్పించుకు తిరుగుతున్న ప్రశ్న.

'ప్రజామిత్ర' సంపాదకుడైన రామబ్రహ్మం, చల్లపల్లి రాజా యార్లగడ్డ శివరామప్రసాద్ అండతో సారథి ఫిలిమ్స్ పక్షాన 1938లో 'మాలపిల్ల', 1939లో 'రైతుబిడ్డ' తీశాడు. మొదటిదానికి కథ చలానిది, మాటలు తాపీ ధర్మారావువి. తెలుగు తెర పురాణాలనే నమ్ముకున్న రోజుల్లో అగ్రహారాన్నీ మాలపల్లెనీ ఎదురెదురుగా నిలబెట్టిన చిత్రం అది. 'రైతుబిడ్డ' ఇంకా ముందుకు వెళ్లింది. జమీందారు మనిషిని కాదని రైతుల అభ్యర్థికి ఓటేసి, దానికి ఫలితం అనుభవించిన చిన్న రైతు కథ అది. అంతకు రెండేళ్ల ముందే, 1937 ఎన్నికల్లో, ఆనాటి విశాఖ జిల్లాలోని బొబ్బిలిలో సాక్షాత్తూ రాజావారే వి.వి. గిరి చేతిలో ఓడిపోయారు. ఆ పుండు మానకముందే సినిమా వచ్చింది. బొబ్బిలి, వెంకటగిరి సంస్థానాలు భగ్గుమన్నాయి.

అంటే ఒక జమీందారు పెట్టిన డబ్బే మిగిలిన జమీందార్లను నొప్పించింది. దోపిడీ వర్గం ఒకే ముద్ద కాదు. దానిలోని చీలికలోంచి రామబ్రహ్మం తన కెమెరాను లోపలికి దూర్చాడు. ఈ సాహసాన్ని తక్కువ చేసి మాట్లాడే హక్కు మనకు లేదు.

కాని సొమ్మెవరిదన్న ప్రశ్న టైటిళ్ల దగ్గర కాదు, చివరి రీళ్ల దగ్గర వేయాలి. 'మాలపిల్ల'లో శాస్త్రిగారి భార్యను హరిజనుడు మంటల్లోంచి కాపాడితే గాని ఆయన మనసు కరగదు. 'రైతుబిడ్డ'లోనూ జమీందారు మనసే మారుతుంది. భూమి మాత్రం చేతులు మారదు. ఇది రాజావారు పెట్టిన షరతని నేననను. హృదయ పరివర్తన ఆనాటి గాంధేయుల నమ్మకం కూడా. అయితే ఆ నమ్మకం పెట్టుబడికి ఎంత అనుకూలమో చూడకపోతే మన విమర్శ గుడ్డిదవుతుంది.

తర్వాతి చిత్రాలను దిగజారుడని ఒక్క మాటలో కొట్టేయడం నాకిష్టం లేదు. 'ఇల్లాలు' (1940)కు సంగీతం మా సాలూరు పక్క శివరామపురం బిడ్డ రాజేశ్వరరావుది. ఆ ఒక్కందుకే ఆ చిత్రంపై నాకు పక్షపాతం. కన్నగి కథతో 'పత్ని' (1942), ఆ మరుసటేడు 'పంతులమ్మ' తీసి స్త్రీ సమస్యను పట్టుకునే ఉన్నాడు. కాంభోజరాజు కథతో తీసిన 'మాయాలోకం' (1945)ను మాత్రం నేను సమర్థించలేను. యుద్ధకాలపు ముడిఫిల్ము కరువు కొంత కారణం కావచ్చు. 'రైతుబిడ్డ' తీసిన మనిషికి అది చాలిన సాకు కాదు. 1946లో ఆయన పోయేనాటికి 'పల్నాటి యుద్ధం' సగంలో ఉంది. ఎల్.వి. ప్రసాద్ పూర్తిచేశాడు.

గోష్ఠిలో నేను 'రైతుబిడ్డ' కథ చెప్పి ముగించాక, గాజువాక వైపు నుంచి వచ్చిన ఒక పెద్దాయన చెయ్యెత్తాడు. ఉక్కు కర్మాగారానికి భూమి ఇచ్చిన కుటుంబం ఆయనది. "ఇంతకీ ఆ రైతు బూమి ఆడికి మిగిలిందేటి బాబూ?" అన్నాడు. విద్యార్థి నా వైపు చూశాడు.