అసలు సైమన్ ఎవరు?

ఇంగ్లీషులో 'సైమన్-ప్యూర్' అని ఒక విశేషణం ఉంది. ఇంగ్లీషు బాగా చదువుకున్నవాళ్లకు కూడా రోజూ తగిలే మాట కాదు. పాత అమెరికన్ పత్రికల్లో, అప్పుడప్పుడూ ఏదో వ్యాసంలో కనిపిస్తుంది. నిఘంటువు తీస్తే రెండు అర్థాలుంటాయి. ఒకటి: అసలైన, కల్తీలేని, మచ్చలేని. రెండోది: లేని పవిత్రతను ఒలకబోసే. అంటే ఒకే మాట అసలుకీ పనికొస్తుంది, వేషానికీ పనికొస్తుంది. మొదట ఇది భాషలో ఒక వింత అనుకున్నాను. మాట పుట్టిన చోటికి వెళ్లి చూశాక, వింత కాదు, అన్యాయం అని తెలిసింది. ఆ అన్యాయం మాకు కొత్తది కాదు.

సైమన్ ప్యూర్ ఒక మనిషి పేరు. సుసానా సెంట్‌లివర్ అనే రచయిత్రి రాసిన 'ఎ బోల్డ్ స్ట్రోక్ ఫర్ ఎ వైఫ్' అనే హాస్య నాటకంలో పాత్ర. 1718లో లండన్‌లోని లింకన్స్ ఇన్ ఫీల్డ్స్ థియేటర్‌లో దాన్ని మొదటిసారి ఆడారు. ఆన్ లవ్‌లీ అనే అమ్మాయికి ముప్పై వేల పౌండ్ల ఆస్తి ఉంది, దానితో పాటు నలుగురు సంరక్షకులూ ఉన్నారు. నలుగురూ ఒప్పుకుంటేనే పెళ్లి. ఒకడు ముసలి షోకిల్లా. ఒకడు పాత వస్తువుల పిచ్చోడు. ఒకడు షేర్ల దళారీ. నాలుగోవాడు ఒబదయా ప్రిమ్, క్వేకర్ మతస్థుడు. ఒకరికి నచ్చినవాడు ఇంకొకరికి నచ్చడు. ఆన్‌ను ప్రేమించిన కర్నల్ ఫెయిన్‌వెల్ ఒక్కొక్కరి దగ్గరికి ఒక్కో వేషంలో వెళ్తాడు. బాగా నటించేవాడని ఆ పేరులోనే ఉంది. ప్రిమ్ దగ్గరికి మాత్రం ఊహించిన వేషంలో వెళ్లడు. నిజంగా ఉన్న ఒక మనిషి పేరు పెట్టుకుని వెళ్తాడు. ఆ మనిషి పెన్సిల్వేనియా నుంచి బ్రిస్టల్ మీదుగా వస్తున్న క్వేకర్ బోధకుడు, ప్రిమ్ ఇంట్లో దిగాల్సిన అతిథి సైమన్ ప్యూర్.

ఇక్కడ క్వేకర్లంటే ఎవరో చెప్పుకోవాలి. 17వ శతాబ్దం ఇంగ్లండ్‌లో పుట్టిన చిన్న క్రైస్తవ శాఖ. పెద్దల ముందు టోపీ తీసేవాళ్లు కాదు. అందరినీ ఒకే సంబోధనతో పిలిచేవాళ్లు. ప్రమాణం చెయ్యరు. ఎప్పుడూ నిజమే చెప్పేవాడికి దేవుడి మీద ఒట్టు ఎందుకని వాళ్ల వాదన. ఒట్టు పెట్టనివాడిని నమ్మని దేశంలో ఈ వాదన వాళ్లను జైళ్లకు పంపింది. 1689 చట్టం వాళ్ల ఆరాధనకు అనుమతిచ్చింది. 1696లో ఒట్టు బదులు మాట ఇస్తే చాలన్నారు. పదవులకు అడ్డుగా ఉన్న టెస్ట్ చట్టం మాత్రం 1828 దాకా పోలేదు. నాటకం ఆడేనాటికి వాళ్లను జైల్లో పెట్టడం దాదాపు ఆగిపోయింది, వేదిక మీద నవ్వడం మిగిలింది. మైనారిటీ బతుకులో ఇది కూడా ఒక దశే.

చివరి అంకంలో అసలు సైమన్ వచ్చేస్తాడు. ఇంట్లో అప్పటికే ఒక సైమన్ ఉన్నాడు. దొంగ సైమన్ కంగారు పడడు. అసలువాడినే దొంగ అంటాడు. ఇల్లు దోచి గొంతులు కొయ్యడానికి ఒకడు క్వేకర్ వేషంలో, సైమన్ ప్యూర్ పేరుతో వస్తున్నాడని ఒక దొంగ ఉత్తరం చెప్తుంది. ఇంటివాళ్లు నమ్ముతారు. అసలు సైమన్ సాక్షుల్ని తెచ్చుకోవడానికి వీధిలోకి పరిగెత్తాలి. బ్రిస్టల్ నుంచి తనను తీసుకొచ్చిన బండివాడిని వెతికి పట్టుకొస్తాడు. ఈలోగా లోపల సంతకం అయిపోయింది. నిజం రుజువైంది. కానీ దానితో ఇక ఎవరికీ పని లేదు. కర్నల్ వేషం తీసేస్తాడు, పెళ్లి ఖాయమవుతుంది, జనం చప్పట్లు కొడతారు. సైమన్‌కు జరిగిన అవమానం దగ్గర నాటకం ఒక్క క్షణం కూడా ఆగదు.

ఈ దృశ్యాన్ని విమర్శకులు చాలామంది హాస్యం కిందే చదివారు. నేను అలా చదవలేను. ప్రిమ్ ఇంట్లో దొంగ సైమన్ ఎందుకు నెగ్గాడు? వాడు ప్రిమ్ మనసులో ఉన్న క్వేకర్‌ని చూపించాడు. పూనకం వచ్చినట్టు మాట్లాడాడు, కళ్లు పైకి తిప్పాడు. ఆన్ కూడా దేవుడు తనను కదిలించినట్టు నటించింది. అసలు సైమన్ ఇవేమీ చెయ్యలేదు. తానే తాను కాబట్టి తనను తాను నటించాల్సిన అవసరం అతనికి ఎప్పుడూ రాలేదు. పరీక్ష పెట్టేవాడి ఊహే కొలబద్ద అయినప్పుడు నటుడు పాసవుతాడు, మనిషి ఫెయిలవుతాడు. ఈ నాటకంలో నాకు దొరికిన సత్యం ఇదే.

రచయిత్రికి అన్యాయం చెయ్యను. ఆమె గురి సైమన్ మీద కాదు, ఒక ఆడపిల్ల బతుకును గుప్పిట్లో పెట్టుకున్న సంరక్షకుల మీద. ప్రిమ్ ఇంట్లో ఆన్‌కు ఇష్టం లేకపోయినా క్వేకర్ దుస్తులు తొడిగిస్తారు. పైకి నీతులు చెప్పే ఆ ఇంటి కపటాన్ని ఆమె ముఖం మీదే అంటుంది. ఆ అమ్మాయి విడుదలను నేను తక్కువ చెయ్యలేను. కానీ ఆమె విడుదల కోసం ఇంకొకడి పేరును వాడేసుకున్నారు. వాడినవాళ్లెవరూ తిరిగి అతనివైపు చూడలేదు. ఒక పీడితురాలి కథలో ఇంకొక పీడితుడు నవ్వులాటగా మిగలడం సాహిత్యంలో కొత్త కాదు.

మాట తర్వాతి చరిత్ర ఇంకా చిత్రం. మొదట 'అసలు సైమన్ ప్యూర్' అంటే నిజమైనవాడు అనే నుడికారం వచ్చింది. 19వ శతాబ్దంలో అది విశేషణమైంది. తర్వాత కపట పవిత్రత అనే అర్థం కూడా చేరింది. న్యాయంగా అయితే ఆ రెండో అర్థం ప్రిమ్‌కు అంటాలి, లేదంటే ఫెయిన్‌వెల్‌కు అంటాలి. అనుమానానికి గురైనవాడి పేరుకే అంటుకుంది. నిర్దోషిగా బయటపడినా ఒకసారి పడిన అనుమానం పేరును వదలదు. ఇది భాషలో కూడా నిజమే.

అమెరికాలో ఈ మాటను ఆటల పేజీల్లో బాగా వాడారు. డబ్బు ముట్టకుండా ఆడేవాడు 'సైమన్-ప్యూర్' అమెచ్యూర్. ఆ స్వచ్ఛత కొలబద్దకు బలైనవాడు జిమ్ థోర్ప్. అతను శాక్ అండ్ ఫాక్స్ తెగకు చెందిన మూలవాసి. 1912 స్టాక్‌హోమ్ ఒలింపిక్స్‌లో పెంటాథ్లాన్, డెకాథ్లాన్ రెండింటిలో స్వర్ణాలు గెలిచాడు. 1909, 1910లో చిన్న లీగులో కొద్ది డబ్బుకు బేస్‌బాల్ ఆడాడని 1913లో పతకాలు లాక్కున్నారు. ఫిర్యాదుకు నియమావళి ఇచ్చిన 30 రోజుల గడువు అప్పటికే దాటిపోయింది. ఆ రోజుల్లో కాలేజీ కుర్రాళ్లు చాలామంది మారుపేర్లతో డబ్బుకు ఆడేవాళ్లు. థోర్ప్ సొంత పేరుతో ఆడాడు, దొరికిపోయాడు. 1953లో చనిపోయాడు. 1982లో అతన్ని ఉమ్మడి విజేతగా ఒప్పుకున్నారు. ఏకైక విజేత అనడానికి 2022 దాకా పట్టింది. బండివాడు వచ్చేసరికి ఇక్కడ నూట పదేళ్లయింది.

ఇంత దూరం వెళ్లి ఒక ఇంగ్లీషు మాట గురించి ఎందుకు రాస్తున్నావని అడిగే మిత్రులున్నారు. నా పదో తరగతి సర్టిఫికెట్ మీద రెండు పుట్టుమచ్చలు రాసి ఉన్నాయి. నేనే నేను అనడానికి ఒళ్లు కూడా సాక్ష్యం చెప్పాలి. ఖాదర్ మొహియుద్దీన్ 1991లో తన దీర్ఘకవితకు 'పుట్టుమచ్చ' అని పేరు పెట్టినప్పుడు, సర్కారు కాగితం మీది ఆ గుర్తు మా జాతి మొత్తానికి వేసిన ముద్రగా మారింది. సైమన్ బండివాడిని వెతుక్కున్నట్టే మేమూ సాక్షుల్ని వెతుక్కుంటూనే ఉన్నాం. క్రికెట్ మ్యాచ్ రోజున ఎవరు గెలవాలనుకుంటున్నావని అడుగుతారు. జవాబు కోసం అడగరు, ముఖం చూడ్డానికి అడుగుతారు. నేను పనిచేసిన ఒక ఆఫీసులో పెద్దాయన ఒకరు, "మీ తెలుగు చాలా బాగుంటుందండీ, మీరు సాయిబులంటే నమ్మలేం" అన్నారు. ఆయన మెచ్చుకున్నారు. నేను థాంక్స్ చెప్పాను. ఇంటికి వచ్చాక ఆ థాంక్స్ ఎందుకు చెప్పానా అని నిద్రపట్టలేదు.

18 మే 2007న హైదరాబాద్ మక్కా మసీదులో బాంబు పేలింది. తర్వాత పోలీసులు పట్టుకెళ్లిన ముస్లిం కుర్రాళ్లు కోర్టుల్లో నిర్దోషులుగా బయటికొచ్చారు. ప్రభుత్వం పరిహారంతో పాటు వాళ్లకు మంచి నడవడి సర్టిఫికెట్లు ఇచ్చింది. మంచి నడవడి సర్టిఫికెట్! దొంగ ఉత్తరం నమ్మి బయటికి నెట్టినవాళ్లే తర్వాత నువ్వు సైమన్‌వేనని రాసిచ్చినట్టు. ఆ కాగితం జేబులో పెట్టుకుని తిరగాల్సిన అవసరం ఎవరికి వస్తుందో ఆలోచించండి.

అసోంలో 31 ఆగస్టు 2019న పౌరుల తుది జాబితా వచ్చింది. 19 లక్షలకు పైగా మనుషులు అందులో లేరు. హిందువులూ ఉన్నారు వాళ్లలో, ముస్లింలూ ఉన్నారు. ఒక కాగితంలో ఒకలా, ఇంకో కాగితంలో ఇంకోలా పేరు ఉండటం కూడా చాలామందికి అడ్డమైంది. అదే డిసెంబరులో వచ్చిన పౌరసత్వ సవరణ చట్టం మూడు పొరుగు దేశాల నుంచి వచ్చిన ఆరు మతాలవాళ్లకు దారి తెరిచింది. ముస్లింలను ఆ లెక్కలో చేర్చలేదు. ఆ వార్తలు అనువదిస్తున్న రోజుల్లో మా ఇంట్లో బీరువా తెరిచాం. అబ్బాజాన్ పేరు ఉర్దూలో ఒకటే. ఇంగ్లీషుకు వచ్చేసరికి రేషన్ కార్డులో మొహమ్మద్, ఇంటి పన్ను రసీదులో మహమ్మద్, ఓటరు కార్డులో ఎం.డి. ఒకే మనిషి ముగ్గురు సైమన్లయ్యాడు. "ఇందులో అసలు నేను ఎవర్ని బేటా?" అని ఆయన నవ్వారు. అమ్మీ నవ్వలేదు.

ఇక్కడితో ఆపితే ఈ వ్యాసం సగం అబద్ధం అవుతుంది. మా ఇళ్లలో కూడా ప్రిమ్‌లున్నారు. ఉర్దూ రాని దూదేకుల, నూర్‌బాషా సోదరుల్ని "వీళ్లేం ముసల్మాన్లు" అన్న నోళ్లు మావే. పీర్ల పండుగలో ఎత్తిన పీరును, దర్గాలో కట్టిన ముడుపును చూపించి ఇది అసలు ఇస్లాం కాదని పెదవి విరిచింది మేమే. ఒక మిత్రుడు తెలుగులో మాత్రమే ఆలోచిస్తాడు, తెలుగులోనే దువా చేసుకుంటాడు. అతన్ని ఒక ఉర్దూ సభకు తీసుకెళ్లాను. సలాంకు బదులిచ్చాక రెండో వాక్యం దగ్గర ఆగిపోయాడు. పక్కాయన నావైపు తిరిగి, "నౌముస్లిమా?" అని మెల్లగా అడిగాడు. తరాలుగా కలిమా చదివిన ఇంటి మనిషిని, కొత్తగా మతంలోకి వచ్చాడా అని అడగడం. నేను నీళ్లు నమిలాను. ఆఫీసులో నన్ను పరీక్షించిన కొలబద్ద ఆ రోజు నా చేతిలోనే ఉంది. దాన్ని నేను కింద పడెయ్యలేదు.

ఇక మాటల సంగతి. 'అసలు' అనే మాట అరబ్బీలో పుట్టి ఉర్దూ మీదుగా తెలుగులోకి వచ్చింది. అరబ్బీలో 'అస్ల్' అంటే వేరు, మూలం. 'నకలు', 'నకిలీ' కూడా ఆ దారినే వచ్చాయి. 'పక్కా'ను ఇంగ్లీషువాళ్లు కూడా తీసుకెళ్లి నిఖార్సైనది అనే అర్థంలో వాడుకున్నారు. మనకు అది మొదట పండినది, వండినది. అంటే కాలమూ మంటా తగిలి తయారైనది, పుట్టుకతోనే స్వచ్ఛమైనది కాదు. "మీరు అసలు తెలుగువాళ్లేనా?" అని మమ్మల్ని అడగడానికి కూడా మా ఇంటి నుంచి వెళ్లిన మాటే కావాలి. పోనీ సంస్కృతం కూడా కలవని అచ్చ తెలుగు కావాలంటారా? అచ్చ తెలుగులో మొదటి కావ్యంగా చెప్పుకునే 'యయాతి చరిత్ర'ను పొన్నిగంటి తెలగన్న 16వ శతాబ్దంలో గోల్కొండ రాజ్యపు అమీన్‌ఖాన్‌కు అంకితమిచ్చాడు. స్వచ్ఛమైన తెలుగు కోసం వెనక్కి నడిస్తే, గడపలో ఒక ఖాన్ నిలబడి స్వాగతం చెప్తాడు.

అయితే ఇదీ ఒక రుజువే కదా! నేనూ బండివాడిని వెంటబెట్టుకొచ్చినట్టే కదా! అవును. అందుకే దీన్ని సాక్ష్యంగా దాఖలు చెయ్యడం లేదు. అమీన్‌ఖాన్ అంకితం పుచ్చుకోకపోయినా నేను తెలుగువాణ్ణే. నా మిత్రుడికి ఉర్దూలో ఒక్క ముక్క రాకపోయినా అతను ముసల్మానే.

సైమన్ చేసిన తప్పు ఒకటే అనిపిస్తుంది. తలుపు దగ్గర ప్రశ్న అడిగినవాడికి ఆ హక్కు ఎవరిచ్చారని అతను అడగలేదు. సాక్షి కోసం వీధిలోకి వెళ్లాడు. వెళ్లినంతసేపూ ఇల్లు వేషగాడి చేతిలో ఉంది. మనం వీధుల్లో తిరిగింది చాలు. ఈసారి గడప దగ్గరే కూర్చుందాం. నా మిత్రుణ్ణి కూడా పక్కన కూర్చోబెట్టుకోవాలి. ఆ రోజు సభలో ఇవ్వాల్సిన జవాబు అతనికి నేను ఇంకా బాకీ ఉన్నాను.