అపక్షయము – కరుణము

వార్ష్యాయణి మతముగా యాస్కుఁడు నిరుక్తమునఁ దెలిపిన భావవికారము లాఱు: జన్మము, అస్తిత్వము, విపరిణామము, వృద్ధి, అపక్షయము, వినాశము. ఇందుఁ గడపటి రెండును వేఱువేఱుగాఁ బఠింపఁబడుట గమనింపఁదగినది. క్షీణించుచున్నది నశించినది కాదు. ఎండుచున్న చెఱువులను, పూడుచున్న జలాశయములను వర్ణించు నేఁటి ఖండకావ్యములలోఁ బెక్కింట నీ భేదము మఱవఁబడినది.

బాన్సువాడ ప్రాంతమునకు నీరిచ్చు నిజాముసాగర మిందుల కుదాహరణము. ఆలీ నవాజ్ జంగు బహదూరు పర్యవేక్షణమున 1923లో మొదలై 1931లో ముగిసిన యీ నిర్మాణము మంజీర కడ్డముగాఁ గట్టఁబడినది. మొదట నిందుఁ బట్టిన నీరు సుమారు 29.7 శతకోట్ల ఘనపుటడుగులు. 1973 నాఁటికి 11.8 మాత్రమే. ఆ పిమ్మట నీటిమట్టమును బెంచఁగా 17.8కుఁ జేరినది. బాలాఘాటు కొండలలోఁ బుట్టి బీదరు సీమమీఁదుగా వచ్చు మంజీర మోసికొనివచ్చిన యొండ్రుమట్టియే యీ కొఱఁతకుఁ గారణము. ఎగువ పొలములు కోలుపోయిన సారమే దిగువ పొలముల నీటికిఁ జోటు లేకుండఁ జేసినది. సగరపుత్రులు త్రవ్వినది గావున సాగరమని వ్యుత్పత్తి. త్రవ్వుటచే వచ్చిన పేరు గలది పూడికపాలగుట కవిదృష్టికి రాఁదగిన విషయము.

అట్లుగాక, ఇట్టి జలాశయమును మృతమని భావించి విలపించుట వాడుకయైనది. ఇష్టనాశమువలనఁ గలుగు శోకము కరుణమునకు స్థాయి. భరతుఁడు కరుణమును నిరపేక్షమనియు, విప్రలంభమును సాపేక్షమనియు వేఱుపఱచెను. ఆశ మిగిలియున్నచోట నిరపేక్షశోకమును నిలుపుట యనౌచిత్యము. ఈ దోషము కావ్యముతోఁ బోవునది కాదు. మృతునకుఁ దర్పణము, రోగికిఁ జికిత్స కర్తవ్యములు. రోగిని మృతుఁడని యేడ్చిన కవి చదువరిని జికిత్సాభారమునుండి విడిపించుచున్నాఁడు.

వినాశమును జెప్పనిదే లోకము కదలదని కొంద ఱాక్షేపింపవచ్చును. కాని తఱుగుదలకుఁ గ్రమ మున్నది; ఆ క్రమమును జూపుటయందే కదలించు శక్తి యున్నది. కాలువ చివరి మడికి నీ రెన్నఁడు మానెనో, రైతు వరి విడిచి యేపైరు పట్టెనో చెప్పిన పద్యము, గుండెలు బాదుకొనిన పది పద్యములకంటె నెక్కువ చెప్పును.

కావున నిట్టి రచనలను బోధించు పండితులు, కవి యెంత యేడ్చెనని కాక, పోయినదానిని మిగిలినదానిని వేఱుగాఁ జూపెనా యని పరీక్షింపవలయును.