కారం కన్నా ముందు వాసన

మందుకీ మిరపకాయకీ మన దగ్గర స్నేహం పాతదే. కాకపోతే ఒకటి గ్లాసులో ఉంటుంది, ఇంకొకటి ప్లేటులో. మిర్చి బజ్జీ, ఉప్పూకారం పట్టించిన పల్లీలు, వేపుడు ముక్కల మధ్య నల్లగా వేగిన పచ్చిమిర్చి... మంచింగ్ అంటే మనకు సగం మిరపకాయే. ఆ కాయని ప్లేటులోంచి తీసి సీసాలోకే దింపుదామన్న ఆలోచన మాత్రం మనకి పెద్దగా తట్టలేదు. ఉక్రెయిన్ వాళ్ళకి తట్టింది.

నిజానికి మిరప వాళ్ళ నేల పంటా కాదు, మన నేల పంటా కాదు. అమెరికా ఖండంలో పుట్టి, ఓడలెక్కి మిగతా ప్రపంచానికి చేరింది. పోర్చుగీసువాళ్ళు తెచ్చిస్తే మనం పప్పులోకీ పచ్చడిలోకీ తీసుకున్నాం. ఉక్రెయిన్ వాళ్ళు తమ హొరీల్కాలోకి కూడా తీసుకున్నారు. హొరీల్కా అంటే వాళ్ళ వోడ్కా.

మా మేనల్లుడు విన్నిత్సియాలో మెడిసిన్ చదివాడు. 2022లో యుద్ధం ముదిరేదాకా మన పిల్లలు ఎంతోమంది ఆ దేశంలో చదివినవాళ్ళే. విన్నిత్సియా పక్కనే నెమీరివ్ అని ఒక ఊరుంది. నెమిరోఫ్ వోడ్కాకి ఆ పేరు ఆ ఊరినుంచే వచ్చింది. ఒకసారి సెలవులకి వస్తూ ఆ కంపెనీవాళ్ళ తేనె, మిరప వోడ్కా తెచ్చాడు. సీసాలో నిండు ఎర్ర మిరపకాయ నిలబడి ఉంది.

"అక్కడ జలుబు చేస్తే ఇదే తాగుతారు మామయ్యా" అన్నాడు.

"డాక్టరు కాబోయేవాడివి, నువ్వనాల్సిన మాటేనట్రా?" అన్నాను. అయినా గ్లాసు పట్టుకున్నాను.

ముందు ముక్కుకి తగిలింది. ఎండుమిర్చి బస్తా మూతి విప్పినప్పుడు వచ్చే వాసన. తరవాత నాలుక మీద తేనె. ఆ రెండూ అయ్యాక, గొంతు దిగుతూ, కారం. గుంటూరు కారం తిని పెరిగినవాణ్ణి, మిరపకాయ గురించి నాకెవరూ చెప్పక్కర్లేదనుకునేవాణ్ణి. కానీ కారాన్ని వెనక్కి నెట్టి వాసన ముందుకి రావడం నాకు కొత్త. అప్పటినుంచి ఇంట్లో మిరపకాయలు నానబెట్టడం ఒక అలవాటైంది.

నానబెట్టడం అన్నాను, కాయడం కాదు. ఇంట్లో సారా కాయడం నేరం, ప్రాణాంతకం కూడా. షాపులో కొన్న సీసాలో కాయ వేసి తీయడం వరకే ఇక్కడి కథ. తెలుగు పత్రికలో మందు గురించి సరదాగా రాయడానికి చెయ్యి కాస్త ఆగుతుంది కూడా. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్ళు సారా కొట్టు మూయించి ఉద్యమం రేపింది ఊరికే కాదు. 1995లో మద్యనిషేధమూ చూశాం, రెండేళ్ళకి అది సడలిపోవడమూ చూశాం. తాగనివాళ్ళని తాగమనే ఉద్దేశం నాకు లేదు. కాకపోతే ఈ కారం మందుని ఎవరూ గడగడా తాగలేరు. అదొక్కటే దాని తరఫున నేను చెప్పగలిగే సుగుణం.

ఇక అసలు సంగతి. మిరపలో మంట పుట్టించేది క్యాప్సైసిన్. అది నీళ్ళలో దాదాపు కరగదు. ఆల్కహాల్లో, నూనెలో, నేతిలో హాయిగా కరుగుతుంది. కారం ఎక్కువై చెంబెడు నీళ్ళు తాగినా మంట తగ్గనిది ఇందుకే. మన దేశంలో తయారైన విస్కీ, బ్రాందీ, రమ్ము సీసాల మీద ఎక్కువగా 42.8 శాతం అని రాసి ఉంటుంది. బ్రిటిష్ వాళ్ళ కాలపు ప్రూఫ్ లెక్కలో 75కి సమానం అది. కాయలోంచి కారాన్ని లాగడానికి ఆ పాటి ఆల్కహాల్ ధారాళంగా సరిపోతుంది.

దీని మీద ఇంకో తమాషా ఉంది. నాలుక నరాల్లో టీఆర్‌పీవీ1 అనే గ్రాహకం ఉంటుంది. అసలది వేడిని పసిగట్టడానికి ఉన్నది. సుమారు 43 డిగ్రీలు దాటితే "కాలుతోంది" అని మెదడుకి కబురు పెడుతుంది. క్యాప్సైసిన్ వెళ్ళి దాన్నే మీటుతుంది. 1997లో దీన్ని బయటపెట్టిన డేవిడ్ జూలియస్‌కి 2021లో నోబెల్ బహుమతిలో వాటా దక్కింది. ఆల్కహాల్ చేసే పని ఇంకా చిత్రం. ఆ గ్రాహకం మేలుకునే వేడిని ఏ 34 డిగ్రీలకో దించేస్తుంది. మన ఒంటి వేడే అంతకన్నా ఎక్కువ కదా! నీళ్ళు కలపని మందు గొంతులో మండేది అందుకే. అంటే మందు మంట, మిరప మంట రెండూ ఒకే తలుపు తడతాయి. మిరపకాయ వేసిన వోడ్కాలో ఒకదానికొకటి తోడవుతాయి.

కారాన్ని కొలిచే స్కోవిల్ లెక్క పుట్టింది కూడా ఇలా నానబెట్టడంలోనే. 1912లో విల్బర్ స్కోవిల్ అనే అమెరికన్ ఫార్మసిస్టు మిరపపొడిని రాత్రంతా ఆల్కహాల్లో నానబెట్టి, వడగట్టి, ఆ ద్రవాన్ని తీపినీళ్ళలో పలచన చేస్తూ పోయాడు. రుచి చూసేవాళ్ళకి కారం తెలిసీ తెలియనంత పలచన కావడానికి ఎన్ని రెట్లు పట్టిందో అదే ఆ కాయ అంకె. గుంటూరు సన్నం సుమారు 35 నుంచి 40 వేలు. తేజ లక్ష దరిదాపుల్లోకి పోతుంది. స్కోవిల్ పనిచేసింది మందుల కంపెనీలో. నొప్పులకి రాసుకునే మందుల్లో వేసే మిరపసారం ఘాటు ఎప్పుడూ ఒకే తీరుగా ఉండాలన్నది అక్కడి అవసరం. వాసనతో వాళ్ళకి పనిలేదు. ఆ అంకెనే ఇప్పుడు మనం మగతనానికి కొలబద్ద చేసుకున్నాం.

మా బావమరిది ఇందుకు మంచి ఉదాహరణ. నేను వడగట్టి పెట్టినది ఒక గుక్క రుచి చూసి, "ఇందులో కారమెక్కడ బావా? రెండు తేజ కాయలు పడేసి నెల రోజులు వదిలేయకపోయావా?" అన్నాడు. నెల రోజులు వదిలేస్తే కారం ఉంటుంది. కారం తప్ప ఇంకేమీ ఉండదు.

ఇక్కడే మన ఊరగాయ బుద్ధి అడ్డొస్తుంది. ఆవకాయ జాడీకి రోజులు గడిచేకొద్దీ మంచిదే. ముక్క మెత్తబడుతుంది, ఆవఘాటు సర్దుకుంటుంది, మూడో రోజు కలిపాక రుచే వేరు. అందుకే ఏది నానబెట్టినా మూతపెట్టి మరిచిపోవాలనిపిస్తుంది మనకి. స్పిరిట్ అలా కాదు, దానికి తొందరెక్కువ. కోసిన పచ్చిమిర్చి గంటలోపే కారం దింపడం మొదలుపెడుతుంది. ఒక రోజు దాటితే ఉడికించిన ఆకుకూర కంపు, దాని వెనక చేదు. కాయ వేయడం ఎవరికైనా వస్తుంది. ఎప్పుడు తీయాలో తెలియడమే ఇందులో పనితనం.

నేను చేసే తీరు చెబుతాను. పావు లీటరు వోడ్కాకి రెండు బజ్జీ మిరపకాయలు, ఒకే ఒక్క సన్న పచ్చిమిర్చి. బజ్జీ మిర్చిలో కారం తక్కువ, పచ్చి వాసన దండిగా ఉంటుంది. ఆ వాసన ఇచ్చేది పైరజీన్ జాతి పదార్థం. నీళ్ళలో లక్ష కోట్ల వంతుల్లో రెండు వంతులున్నా మన ముక్కు పట్టేస్తుంది. కాయని నిలువునా చీల్చి మధ్యనున్న తెల్లటి ఈనెని చెంచాతో గీకి తీసేస్తాను. కారమంతా గింజల్లో ఉందని చాలామంది అనుకుంటారు కానీ, అది తయారయ్యేది ఆ ఈనెలో. గింజలు దానికి అంటుకుని ఉండబట్టి వాటికి ఆ పేరొచ్చింది. సన్న మిర్చిని మాత్రం ఈనెతో సహా వేస్తాను. ఆపాటి కారం లేకపోతే బావమరిది మాటే నిజమవుతుంది.

గాజు సీసాలో పోసి మూతపెట్టాక పక్కన కూర్చోవడమే. కాసేపటికి కాయ అంచులు పాలిపోతాయి, వోడ్కాకి లేత ఆకుపచ్చ ఛాయ వస్తుంది. అరగంటకోసారి ఒక చెంచా తీసి, అంతే నీళ్ళు కలిపి రుచి చూస్తాను. నీళ్ళు కలపకపోతే మందు మంటేదో మిర్చి మంటేదో తేలదు. రెండు గుక్కల మధ్య కాస్త పెరుగు తినాలి, లేకపోతే మూడోసారికి నాలుక అబద్ధం చెబుతుంది. తోటలో తెంపిన కాయని విరిచినప్పటి వాసన గుప్పుమని, కారం గొంతు దగ్గర మాత్రమే తగిలే క్షణం ఒకటొస్తుంది. అప్పుడు కాయ తీసేసి, పలచని గుడ్డలో వడగట్టాలి. చేతులు నీళ్ళతో కడిగితే లాభం లేదు. ముందు నూనె రాసుకుని, తరవాత సబ్బుతో తోమాలి. అప్పటిదాకా కళ్ళ జోలికి పోవద్దు. సీసా మీద పెద్ద అక్షరాలతో పేరు రాసి పిల్లలకి అందనిచోట పెట్టాలి. రంగు ఇంకాస్త పలచబడితే అది మంచినీళ్ళలాగే కనిపిస్తుంది.

ఎండుమిర్చి దారి వేరు. దానికి వోడ్కా కన్నా ముదురు రమ్ము నప్పుతుంది. బ్యాడిగి గానీ, మొన్న 2025లో భౌగోళిక గుర్తింపు వచ్చిన వరంగల్ చపాటా గానీ తీసుకుంటాను. రెండింటికీ రంగెక్కువ, కారం తక్కువ. తొడిమ, గింజలు తీసేసి, నూనె లేని పెనం మీద సన్న సెగన వేయిస్తే కాయ కొద్దిగా ఉబ్బి కమ్మటి వాసన వస్తుంది. నల్లబడితే పారేయాల్సిందే. చల్లారాక తుంచి రమ్ములో వేసి, చిన్న తాటిబెల్లం ముక్క జతచేస్తే ఒకటి రెండు రోజుల్లో ఎండుద్రాక్ష, పొగాకు కలిసినట్టుండే వాసన తేలుతుంది. కొత్త కాయ అయితేనే ఇది సాధ్యం. పాతబడ్డ కాయలోనూ, యార్డులో పక్కకి తీసేసే తాలు కాయలోనూ దించుకోవడానికి వాసన మిగలదు.

కారం మోతాదు మించితే కంగారు అక్కర్లేదు. అదే వోడ్కా విడిగా కలుపుకుంటూ పోవచ్చు. స్కోవిల్ చేసిందీ పలచన చేయడమే కదా. తాగేటప్పుడు నాకు నచ్చిన జోడీ జామపండు రసం. గ్లాసు అంచుకి ఉప్పు రాసి, ఒక చెంచాన్నర మిర్చి వోడ్కా కలిపితే చాలు. బడి గేటు దగ్గర ఉప్పూకారం అద్దుకుని తిన్న జామకాయ రుచికి అది బాగా దగ్గర.

ఇది చదివాక సీసా తెరిచేవాళ్ళు తెరుస్తారు, తెరవనివాళ్ళు తెరవరు. ఇద్దరికీ పనికొచ్చే మాట ఒకటుంది. ఈసారి ఎండుమిర్చి కొనడానికి వెళ్ళినప్పుడు "కారం ఉంటాయా?" అని అడిగే ముందు, ఒక కాయ తొడిమ తుంచి వాసన చూడండి. ఏ వాసనా రాకపోతే, లక్ష అంకె ఉన్నా సరే, ఆ కాయలు కొట్లోనే ఉండనివ్వండి.