గేటు లెక్కపెట్టదు, ఫోను లెక్కపెడుతుంది

కోనసీమలోని ఉప్పలగుప్తం వైపు కువైట్ నుంచో మస్కట్ నుంచో వచ్చే పెట్టెలకు మూడు చక్రాల నంబరు తాళం ఉంటుంది. 000 నుంచి 999 దాకా వెయ్యి నంబర్లే. సెకనుకొకటి చొప్పున తిప్పితే 17 నిమిషాల్లో అన్నీ అయిపోతాయి. బ్రూట్ ఫోర్స్ అంటే ఇదే. ఆ ఓపికను ఇప్పుడు జేబులో పట్టే పరికరాలకు అప్పగించారు. 2020లో కిక్‌స్టార్టర్ చందాలతో మొదలైన, రిమోట్ల సంకేతాలు పంపగల ఫ్లిప్పర్ జీరో వాటిలో బాగా పేరుపడింది. దాని సత్తా ఎంతో తేలాలంటే రెండు తాళాల ముందు పెట్టి చూడాలి.

మొదటిది పాతరకం రిమోట్ గేటు. కోడు మారదు. 12 బిట్లయితే మొత్తం 4,096 కోడ్లే. ఎన్ని తప్పులు పంపినా రిసీవరు విసుక్కోదు. 2015లో భద్రతా పరిశోధకుడు సామీ కామ్‌కార్ మాటెల్ కంపెనీ పాత ఆటబొమ్మతోనే ఇలాంటి గేట్లు తెరిచి చూపించాడు. ఒక కోడు చివరి అంకెలే తరువాతి కోడుకు మొదటి అంకెలయ్యేలా అల్లి పంపాడు. అరగంట పని ఎనిమిది సెకన్లకు దిగింది. బొమ్మకే లొంగిన గేటు ఫ్లిప్పర్‌కు లొంగడంలో వింతేముంది?

రెండోది ఫోను. నాలుగంకెల పిన్‌కు 10,000 అవకాశాలు, అంటే గేటుకు రెండున్నర రెట్లే. కానీ ఐదు తప్పులకోసారి 30 సెకన్లు ఆపే పాత ఆండ్రాయిడ్‌లోనే అన్నీ ప్రయత్నించడానికి విరామాలకే 16 గంటల 40 నిమిషాలు పడుతుంది. కొత్త ఫోన్లు ఆ విరామాన్ని పెంచుకుంటూ పోతాయి. పరికరం మారలేదు, తాళం తప్పులు లెక్కపెట్టడం నేర్చుకుంది, అంతే.

నొక్కిన ప్రతిసారీ కోడు మారే రోలింగ్ కోడ్ కార్లు మరీ మొండివి. 32 బిట్లంటే 429 కోట్ల కోడ్లు, పైగా వాడిన కోడు మళ్లీ చెల్లదు. కార్ల దొంగతనాల పేరుతో 2024 ఫిబ్రవరిలో ఫ్లిప్పర్‌ను నిషేధిస్తామన్న కెనడా మార్చికల్లా మెత్తబడింది. నా దృష్టిలో నిలదీయాల్సింది బలహీనమైన తాళాలు చేసినవాళ్లను.

మనకు అసలు భయం వేరేచోట ఉంది. 2018లో పెద్దపల్లి జిల్లాలో ఒక సిమ్ వ్యాపారి భూమి దస్తావేజుల్లోని వేలిముద్రలకు నకళ్లు చేసి, ఆధార్ తనిఖీని దాటించి వేల సిమ్‌లు యాక్టివేట్ చేశాడని పోలీసులు తేల్చారు. అక్కడ ఊహించే పనే లేదు. పిన్ మార్చుకోవచ్చు, వేలు మార్చుకోలేం.

గేటు బిగించేవారిని రోలింగ్ కోడేనా అని అడగండి. నకిలీ వేలిముద్రలు పనిచేయకుండా ఆధార్‌లో బయోమెట్రిక్ లాక్ వేయండి. గల్ఫ్‌లో పిల్లలున్న పెద్దవాళ్లకు ఆ పని దగ్గరుండి చేసిపెట్టండి.