యెరూషలేము గదిలో రాజు

షేక్స్పియరు వ్రాసిన ఇంగ్లండు రాజుల నాటకములను క్రైస్తవుడు చదువవచ్చునా అని మన యువజనులలో కొందరు నన్నడుగుచుందురు. కిరీటముకొరకు చంపుట, చంపినవానిని మరియొకడు చంపుట, నడుమ మద్యపుటంగళ్లలో పరిహాసములు. ఇందులో భక్తివృద్ధికి పనికివచ్చునదేమి యని వారి సందేహము. చదువవలెననియే నా ఉత్తరము. అయితే బైబిలులోని రాజుల గ్రంథములను ప్రక్కన తెరచి పెట్టుకొని చదువవలెను.

1623లో అచ్చుపడిన ఆయన నాటకముల సంపుటములో ఇట్టివి పది యున్నవి. అన్నియు సమానమైనవి కావు. ఆరవ హెన్రీ మూడు భాగములలో యుద్ధముల వెంట యుద్ధములు వచ్చి చదువరిని అలయజేయును. మూడవ రిచర్డు మిక్కిలి రక్తి కట్టును గాని, అందలి రాజు తాను దుర్మార్గుడనని మొదటనే చెప్పుకొనును. అట్టివానిని చూచి, నేను వీనివంటివాడను కానని పరిసయ్యునివలె ఇంటికి పోవుట సులభము. 2012లో లెస్టరు పట్టణమున బండ్లు నిలుపు స్థలము క్రింద ఆ రాజు ఎముకలు దొరికెను. 2015లో వాటిని అచ్చటి కథీడ్రలులో పాతిపెట్టినప్పుడు జనులు వీధులలో బారులు తీరిరి. ఐదువందల యేండ్లనాటి రాజుకొరకు ఇంత సంభ్రమమా యని ఆశ్చర్యపడనేల? చరిత్రకంటె నాటకమే వానిని బ్రదికించి యుంచినది.

నా మనస్సును విడువనివి వేరు నాలుగు: రెండవ రిచర్డు, నాలుగవ హెన్రీ రెండు భాగములు, ఐదవ హెన్రీ. నాలుగింటిలోను నడచునది ఒక్క పాపముయొక్క కథయే. 1399లో హెన్రీ బాలింగ్‌బ్రోక్ తన పెదతండ్రి కుమారుడైన రిచర్డును సింహాసనమునుండి దింపి తానెక్కెను. మరుసటి యేట రిచర్డు చెరసాలలో మరణించెను. రిచర్డు మంచి రాజు కాడు. హెన్రీ తండ్రి కన్నుమూయగానే ఆయన ఆస్తిని ఆక్రమించుకొన్నది ఈ రిచర్డే. కావున మొదటి అన్యాయ మెవరిదని మనము అడిగినను నాటకకర్త తొందరపడి తీర్పు చెప్పడు. రిచర్డు శవము తన యెదుటికి వచ్చినప్పుడు కొత్త రాజు దుఃఖించి, ఈ రక్తము కడుగుకొనుటకు పరిశుద్ధ దేశమునకు పోయెదనని మ్రొక్కుకొనును. ఆ మ్రొక్కు ఎన్నడును చెల్లింపడు. ఒక తిరుగుబాటు అణగిన మరియొకటి లేచును. రాత్రులు నిద్ర పట్టదు. పెద్ద కుమారుడు త్రాగుబోతులతో తిరుగును.

మరణశయ్యపై ఆ తండ్రి కుమారునితో మాటలాడు ఘట్టము రెండవ భాగము నాలుగవ అంకము చివర నున్నది. దానిని నేనెన్ని మారులు చదివితినో లెక్కలేదు. కిరీటము వంకర త్రోవలలో తనకు వచ్చినదని ఆయన ఒప్పుకొనును. పరిశుద్ధ దేశయాత్ర తలపెట్టుటలో ఒక యుక్తియు నుండెనట: ప్రభువులు ఊరకుండి తన హక్కును దగ్గరగా పరీక్షింపకుండునట్లు వారిని దూరదేశమునకు నడిపింపదలచెను. కుమారునికిని ఆ ఉపాయమే నేర్పి, అన్యదేశ కలహములతో జనులకు పని కల్పింపుమనును. పిమ్మట ఆ కిరీటము సంపాదించిన విధమును క్షమింపుమని దేవుని వేడి, అది కుమారునియొద్ద సమాధానముగా నిలువవలెనని కోరును. గమనించితివా? దొంగసొత్తు విషయమై క్షమాపణయు, దానిని అనుభవించుటకు ఆశీర్వాదమును ఒక్క శ్వాసలోనే యడుగుచున్నాడు.

అంతట తాను మూర్ఛిల్లిన గది పేరేమని విచారించును. యెరూషలేము గది యందురు. యెరూషలేములో చనిపోవుదువని పూర్వము ఎవరో చెప్పియుండగా, పరిశుద్ధ పట్టణమే యని ఆయన భ్రమపడెను. చరిత్రలోను 1413లో ఈ రాజు వెస్ట్‌మినిస్టరులోని ఆ గదిలోనే మరణించెను. 1643లో వెస్ట్‌మినిస్టరు సభవారు చలికి తాళలేక కూటములు మార్చుకొన్నది ఆ గదిలోనికే. వేదాంత పాఠశాలలో వారి విశ్వాస ప్రమాణమును వల్లెవేసితిని గాని, ఆ గోడలు అంతకుముందు ఏమి వినెనో నాకెవరును చెప్పలేదు.

ఇక కుమారుడు. 1415 అక్టోబరు 25న అజిన్‌కోర్టు యుద్ధము. దానికి ముందు ఐదవ హెన్రీ ఏకాంతమున ప్రార్థించును. రిచర్డు దేహమును మరల గౌరవముగా పాతిపెట్టించితిని, ఐదువందలమంది బీదలను పోషించి వారిచేత ప్రార్థనలు చేయించుచున్నాను, రెండు మందిరములు కట్టించితిని అని లెక్క యొప్పజెప్పును. వెంటనే, నేను చేయగలదంతయు వ్యర్థమేయనును. క్రియలవలన గాక కృపవలననే రక్షణయని యెరిగినవాని మాట యిది యని మెచ్చుకొనువారు కలరు. యౌవనమున నేనును ఒక ప్రసంగములో దీనిని అట్లే వాడుకొంటిని. ఇప్పుడు వాడను. ఆయన కోరినదేమి? మా తండ్రి తప్పును ఈ దినమున తలంచుకొనకుము అని మాత్రమే. కిరీటము తలమీదనే యున్నది. రిచర్డునకు సంతానము లేదు గదా, ఎవరికి మరల ఇచ్చుననెదవేమో. రిచర్డు తన తరువాతివాడని ప్రకటించిన మార్టిమరు మాట మొదటి భాగములోనే వచ్చినది. జక్కయ్య ఎవరికివ్వవలెనని తడవుకొనలేదు. అహాబు గోనెపట్ట కట్టుకొనెను, ఉపవాసముండెను, మెల్లగా నడిచెను. దేవుడు దానిని లక్ష్యపెట్టెను కూడ. నాబోతు ద్రాక్షతోట మరల నాబోతు ఇంటివారికి చేరెనని మాత్రము నేనెక్కడను చదువలేదు. తీర్పు కుమారుని దినములకు వాయిదాపడెను. ఐదవ హెన్రీ 1422లో చనిపోగా నెలల పసివాడు రాజాయెను. వాని కాలముననే ఫ్రాన్సును పోయెను, కిరీటమును పోయెను.

నేనింత కఠినముగా మాటలాడుటకు కారణము కలదు. నా పరిచర్య తొలిదినములలో ఒక సంఘపెద్ద గుడికి గంట నిచ్చెను. తమ్ముని పొలము తన పేర వ్రాయించుకొన్నవాడని ఊరందరికి తెలియును, నాకును తెలియును. నేనాతని నేమియు అడుగక ప్రార్థించి గంటను ప్రతిష్ఠించితిని. తమ్ముడు ప్రతి ఆదివారము ఆ గంట విని వచ్చి వెనుక వరుసలో కూర్చుండెడివాడు. ఐదవ హెన్రీ మొదటి అంకములో, సంఘ భూములలో పెద్ద భాగమును లాగుకొను శాసనము రాకుండుటకు ఆర్చిబిషప్పు రాజునకు యుద్ధ ద్రవ్యము చూపి, ఫ్రాన్సు మీద హక్కును దీర్ఘ వంశావళితో సమర్థించుట చదివినప్పుడెల్ల, నవ్వవలసిన చోట నాకు నవ్వు రాదు.

నాటకకర్తమీద నాకొక ఫిర్యాదు కూడ కలదు. మతభ్రష్టులని తీర్పుపొందినవారిని కాల్చుటకు 1401లో శాసనము వచ్చినది నాలుగవ హెన్రీ ఏలుబడిలోనే. విక్లిఫు బోధను నమ్మిన సర్ జాన్ ఓల్డ్‌కాసిల్ ఐదవ హెన్రీకి స్నేహితుడు. 1414లో తిరుగుబాటు తలపెట్టెనని ఆయనపై నేరము మోపి, 1417లో ఉరికొయ్యకు వ్రేలాడదీసి క్రింద అగ్ని పెట్టిరి. షేక్స్పియరు తన లావుపాటి త్రాగుబోతు పాత్రకు మొదట ఈయన పేరే పెట్టెను. తరువాత ఫాల్‌స్టాఫ్ అని మార్చి, ఓల్డ్‌కాసిల్ హతసాక్షిగా చనిపోయెను, ఈతడు ఆతడు కాడని నాటకము చివర చెప్పించెను. యుద్ధఖైదీలను చంపుమన్న ఆజ్ఞను దాచనివాడు, ఆ మంట సంగతి మాత్రము ఐదవ హెన్రీ నాటకములో ఒక్క మాటైనను ఎత్తడు. తన రాజును మిక్కిలి ప్రేమించెననుకొందును.

ఆ ఫాల్‌స్టాఫు చావును ఆయన రంగముమీద చూపలేదు. పూటకూళ్లామె నోట చెప్పించెను. పట్టాభిషేక దినమున రాజు తన పాత స్నేహితుని ఎరుగనని త్రోసివేసినపిమ్మట వాడు మంచమెక్కెను. చివరి రాత్రి దేవా, దేవా యని మూడు నాలుగు మారులు కేకవేసెనట. ఇంకను దేవుని తలంచుకొను గడియ రాలేదులే యని ఆమె ఓదార్చెను. ఆమె చెడ్డది కాదు. ఎన్నో ఇండ్లలో మంచము ప్రక్కన నేనా మాటే వింటిని, పాదిరిని వాకిట నిలిపి మరీ. అప్పుడు వాడు కాళ్లమీద ఇంకొక దుప్పటి కప్పుమనెను. ఆమె చేయి పెట్టి చూడగా అప్పటికే చల్లబడి యుండెను.