తెర మీద ఆర్థికవేత్తల వాదం

ఆర్థికవేత్తల తగువులు మామూలుగా పుస్తకాల్లో మొదలై పుస్తకాల్లోనే ముగుస్తాయి. వాటిని ఇంట్లో టీవీ ముందు కూర్చున్న మనిషి దాకా తెచ్చినవాళ్లలో ముందుగా చెప్పుకోవలసింది ఇద్దరిని.

మొదటివారు జాన్ కెనెత్ గాల్‌బ్రెత్. 1961-63లో ఢిల్లీలో అమెరికా రాయబారిగా ఉన్నారు. 1977లో బీబీసీ కోసం 13 భాగాలుగా ‘ది ఏజ్ ఆఫ్ అన్‌సర్టెన్టీ’ చేశారు. ముందు వ్యాసాలు రాసుకుని, వాటినే స్క్రిప్టుగా మలిచారు. ఆడమ్ స్మిత్ నుంచి మార్క్స్, లెనిన్, కీన్స్ దాకా భావాల చరిత్రను నాటకీయమైన సెట్ల మధ్య నిలబడి చెప్పారు. చదువుకున్నవాడు తీరిగ్గా కథ చెబుతున్నట్టుంటుంది.

దానికి జవాబా అన్నట్టు 1980లో అమెరికా పబ్లిక్ టెలివిజన్‌లో వచ్చింది, స్వేచ్ఛామార్కెట్‌ను సమర్థించే మిల్టన్ ఫ్రీడ్‌మన్ 10 భాగాల ‘ఫ్రీ టు చూజ్’. ఆయన స్క్రిప్టు పట్టుకోలేదు. తాను మాట్లాడే విషయం కనిపించే చోటికే వెళ్లి, కెమెరా ముందు నిలబడి, అప్పటికప్పుడు తోచిన మాటల్లోనే చెప్పారు. అదే పేరుతో వచ్చిన పుస్తకం ఆ మాటల్లోంచి పుట్టిందే. ఒక పెన్సిల్ చూపించి, దీన్ని ఒంటరిగా తయారుచేయగలవాడు లోకంలో లేడంటారు. చెక్క ఒక దేశానిది, గ్రాఫైటు మరో దేశానిది, రబ్బరు మలయాది. ఒకరి మొహం ఒకరెరగని వేలమందిని ఎవరి ఆజ్ఞా లేకుండా ధరలే కలిపాయన్నది వాదం. ఈ ఉదాహరణ లెనార్డ్ రీడ్ 1958 వ్యాసంలోది. కానీ వేళ్ల మధ్య తిరిగే పెన్సిల్‌ను చూశాక ఆ వాదాన్ని మరిచిపోవడం కష్టం.

ప్రమాదం కూడా అక్కడే ఉంది. స్వేచ్ఛామార్కెట్‌కు సాక్ష్యంగా ఆయన హాంకాంగ్‌ను చూపించారు. ఆ సందడి, ఆ కష్టపడేతనం నిజమే. అప్పటికే అక్కడ లక్షలాదిమంది ప్రభుత్వం కట్టించిన ఇళ్లలో ఉంటున్నారన్నదీ అంతే నిజం. ఫ్రేము ఎక్కడ పెట్టాలో ఎంచుకోవడంలోనే సగం వాదన అయిపోతుంది.

అందుకే ఆ సిరీస్‌లో నాకు అన్నిటికన్నా విలువైనదనిపించేది ప్రతి భాగంలోని రెండో సగం. ప్రతి గంటలో మొదటి సగం చిత్రం, తర్వాత షికాగో విశ్వవిద్యాలయంలో చర్చ. మొదటి భాగంలోనే సోషలిస్టు మైకేల్ హారింగ్టన్ ఎదురుగా కూర్చుని ఫ్రీడ్‌మన్‌తో ఢీకొన్నారు. తన చిత్రం చూపించి, వెంటనే దాన్ని కాదనేవాళ్లకు మైకు ఇవ్వడం చిన్న ధైర్యం కాదు. ఇప్పుడు మన చానళ్లలో ఈ పద్ధతి చూద్దామన్నా దొరకదు.

రెండో భాగం మనవాళ్లు తప్పక చూడాలి. 1868 తర్వాతి జపాన్‌నీ, 1947 తర్వాతి భారత్‌నీ పక్కపక్కన పెట్టి, ప్రభుత్వ సాయంతో నడిచే దక్షిణాది చేనేతను ప్రణాళికా విధానం వైఫల్యానికి గుర్తుగా చూపిస్తారు. చీరాల, పోచంపల్లి మగ్గాలు తెలిసినవారికి ఆ దృశ్యం గుచ్చుకుంటుంది. మగ్గం వదిలినవాడికి ఊళ్లో ఇంకో పని ఉందా? నూలు ధర పెరిగితే భారం ఎవరిది? ఇవి మనం ఆయన్ని అడగాలి. ఆ సబ్సిడీ ఎవరి జేబులోంచి వస్తోందన్న ఆయన ప్రశ్నకు, చేనేతను ప్రేమించే మనమూ జవాబు చెప్పాలి.